తీర్పు మీద తీర్పు: పునస్సమీక్ష పరిధి, పరిమితులు

న్యాయస్థానం గడప ఎక్కిన ప్రతి వివాదంలోనూ రెండు కోరికలు ఒకదానినొకటి ఒరుసుకుంటూ ఉంటాయి. న్యాయం జరగాలన్నది మొదటిది. వివాదం ఎక్కడో ఒకచోట ముగియాలన్నది రెండవది. కింది కోర్టు పొరపడితే పై కోర్టు దిద్దుతుంది గనుక అంతవరకు ఈ రెండింటికీ పొత్తు కుదురుతుంది. పైన మరొక కోర్టు లేని చోట పొరపాటు జరిగితే ఓడిన కక్షిదారుకు మిగిలే మార్గం ఒక్కటే: తీర్పు చెప్పిన న్యాయస్థానాన్నే ఆ తీర్పును మరొకసారి చూడమని అడగడం. న్యాయవాదుల వాడుకలో 'రివ్యూ' అనిపించుకునే ఈ పునస్సమీక్షకు మన దేశంలో సుదీర్ఘమైన చరిత్ర ఉంది. ఆ చరిత్ర పొడుగునా ఈ తలుపు ఉన్నది. అయితే అది ఎల్లప్పుడూ సన్ననిదే.

దానిని అంత సన్నగా ఎందుకు ఉంచారో, అలా ఉంచడం వల్ల ఎవరికి ఎంత నష్టం కలిగిందో తెలియాలంటే ఒక భేదాన్ని ముందుగా గుర్తుంచుకోవాలి. అత్యున్నత న్యాయస్థానం చెప్పే తీర్పు ఏకకాలంలో రెండు పనులు చేస్తుంది. దేశానికంతటికీ వర్తించే చట్టమేదో చెబుతుంది. ఎదుట నిలిచిన ఇద్దరి మధ్య ఉన్న తగవును తెంచుతుంది. మొదటి పనిలో పొరపాటు జరిగితే దిద్దడానికి శాసనసభ ఉంది, విస్తృత ధర్మాసనం ఉంది, కాలం ఉంది. రెండవ పనిలో జరిగే పొరపాటుకు ఇన్ని దారులు లేవు. ఈ వ్యాసం చెప్పదలచినదంతా ఈ భేదం చుట్టూనే తిరుగుతుంది.

స్మృతులు చెప్పిన మాట

ఒకసారి తేలిన వ్యాజ్యాన్ని తిరగదోడే విషయంలో మన ధర్మశాస్త్రకారులు తగినంత ఆలోచన చేశారు. ధర్మబద్ధంగా నిర్ణయమైన వ్యవహారాన్ని రాజు మరల కదపరాదని మనుస్మృతి తొమ్మిదవ అధ్యాయం చెబుతుంది. ఆ వెంటనే, అమాత్యులో న్యాయాధికారియో తప్పుగా తీర్చిన వ్యాజ్యాన్ని రాజు స్వయంగా చూసి, తప్పు చేసినవారికి దండన విధించాలనీ చెబుతుంది. యాజ్ఞవల్క్యుడు ఈ రెండు వైపులనూ మరింత స్పష్టంగా తూచాడు. అన్యాయంగా తీర్చిన వ్యాజ్యాన్ని రాజు పునఃపరిశీలించి, సభ్యులకూ వారి వల్ల గెలిచినవానికీ రెట్టింపు దండన వేయాలన్నాడు. న్యాయంగా ఓడిపోయి కూడా తాను ఓడలేదంటూ మళ్లీ వచ్చినవాడు తిరిగి ఓడితే, వానికీ రెట్టింపు దండనే అన్నాడు.

యాజ్ఞవల్క్య స్మృతికి విజ్ఞానేశ్వరుడు కల్యాణి చాళుక్యుల కాలంలో మితాక్షర వ్యాఖ్య రచించగా, 13వ శతాబ్దిలో కేతన దానిని ఆధారం చేసుకొని విజ్ఞానేశ్వరీయాన్ని తెలుగు పద్యాల్లో రచించాడు. వ్యవహార ధర్మాన్ని తన భాషలో చదువుకోవలసిన అవసరం ఆనాటి తెలుగు సమాజానికి ఉన్నదని దీనివల్ల తెలుస్తున్నది. పునర్న్యాయమనే ఈ భావనలో గమనించదగిన సంగతి, తలుపు తెరవడానికీ మూయడానికీ ఒకే కొలత వాడడం. తప్పు తీర్పుకు న్యాయకర్త బాధ్యుడు. వృథా అర్జీకి కక్షిదారు బాధ్యుడు. తరువాతి కాలపు చట్టాలు ఈ రెండవ బాధ్యతను నిలుపుకొని మొదటిదానిని వదిలివేశాయి.

బ్రిటిష్ కాలపు వారసత్వం

నేడు మనం పాటిస్తున్న పునస్సమీక్ష పద్ధతి బ్రిటిష్ పాలనలో రూపొందినది. 1859 నాటి తొలి సివిల్ ప్రక్రియా స్మృతిలోనే దీనికి చోటు దక్కింది. 1908 నాటి స్మృతిలో 114వ సెక్షను, 47వ ఆర్డరు దానికి స్థిరరూపం ఇచ్చాయి. వాటి ప్రకారం కారణాలు మూడు. ఎంత శ్రద్ధ వహించినా అంతకుముందు చేజిక్కని కొత్త సాక్ష్యం బయటపడడం ఒకటి. రికార్డు చూడగానే తెలిసిపోయే పొరపాటు రెండవది. తగిన మరే ఇతర కారణమైనా మూడవది.

ఈ మూడవ కారణం పైకి ఎంతో ఉదారంగా కనిపిస్తుంది. దాని రెక్కలను ప్రివీ కౌన్సిల్ 1922లో కత్తిరించింది. పంజాబు నుంచి వెళ్లిన ఛజ్జూరాం కేసులో, 'మరే ఇతర కారణమైనా' అంటే మొదటి రెండింటినీ పోలిన కారణం మాత్రమేనని తేల్చింది. 1937లో ఏర్పడిన మన ఫెడరల్ కోర్టు కూడా 1941లో ఇదే దారి పట్టింది. తన అంతిమ ఉత్తర్వులను మార్చే అధికారం ప్రివీ కౌన్సిల్‌కు ఉన్నంత మేరకే, అత్యంత అసాధారణమైన సందర్భాలలోనే తనకు ఉంటుందని చెప్పుకున్నది.

1950లో రాజ్యాంగం అమలులోకి వచ్చినప్పుడు ఈ సంకోచం కొంత తీరింది. సుప్రీంకోర్టు తన తీర్పును తానే పునస్సమీక్షించుకోవచ్చునని 137వ అధికరణం నేరుగా చెప్పింది. కాకపోతే ఆ అధికారాన్ని పార్లమెంటు చేసే చట్టాలకూ, కోర్టు తానే చేసుకునే నిబంధనలకూ లోబరచింది. ఆ నిబంధనల ప్రకారం అర్జీని 30 రోజులలోగా వేయాలి. వీలయినంతవరకు తీర్పు చెప్పిన న్యాయమూర్తులే దానిని చూడాలి. క్రిమినల్ వ్యవహారాల్లో రికార్డులో కనిపించే పొరపాటు ఒక్కటే కారణం. ఒకసారి తోసిపుచ్చాక రెండవసారి పునస్సమీక్ష లేదు. 1978లో వచ్చిన సవరణ మౌఖిక వాదనను కూడా తొలగించింది. న్యాయమూర్తులు కాగితాలను తమలో తాము చేతులు మార్చుకొని చదివి నిర్ణయిస్తారు. ఈ సవరణ చెల్లుతుందని 1980లో రాజ్యాంగ ధర్మాసనం పి. ఎన్. ఈశ్వర అయ్యర్ కేసులో నిర్ణయించింది. ఆ తీర్పు రాసిన జస్టిస్ వి. ఆర్. కృష్ణయ్యర్ పేదవాని మొర కోసం కోర్టు తలుపులు వెడల్పు చేసినవారిలో ప్రముఖులు. ఈ ఒక్క తలుపును సన్నగానే ఉంచాలని ఆయన భావించడానికి కారణం, మొదటిసారి తలుపు తట్టుతున్నవారికి చోటు మిగలాలన్నదే.

కర్నూలు నూనె కేసు

'చూడగానే తెలిసిపోయే పొరపాటు' అంటే ఏమిటన్న ప్రశ్నకు దేశమంతటా న్యాయవాదులు నేటికీ ఉదహరించే సమాధానం మన కర్నూలు నుంచి వెళ్లిన కేసులో దొరికింది. కర్నూలులోని తుంగభద్ర ఇండస్ట్రీస్ వేరుసెనగ నూనె తీసి, దానిని శుద్ధి చేసి, వనస్పతిగా మార్చి అమ్మేది. వనస్పతిగా గడ్డకట్టిన తరువాత కూడా అది వేరుసెనగ నూనే అవుతుందా, అమ్మకపు పన్ను లెక్కలో దానికి మినహాయింపు దక్కుతుందా అన్నది వివాదం. ఒక సంవత్సరపు పన్నుకు సంబంధించిన కేసులో ఇది సుప్రీంకోర్టు పరిశీలించదగిన గట్టి న్యాయప్రశ్న అని హైకోర్టు అంగీకరించి, అప్పీలుకు యోగ్యతా పత్రం ఇచ్చింది. తరువాతి సంవత్సరాల పన్ను విషయంలో అదే ప్రశ్న మళ్లీ వచ్చినప్పుడు, 1959లో, ఇందులో చెప్పుకోదగిన న్యాయప్రశ్న ఏదీ లేదని పత్రం నిరాకరించింది. కంపెనీ పునస్సమీక్ష కోరితే దానినీ తోసిపుచ్చింది. ఈలోగా 1960లో సుప్రీంకోర్టు మొదటి కేసులో అది వేరుసెనగ నూనేనని తేల్చింది.

పునస్సమీక్ష నిరాకరణపై వచ్చిన అప్పీలును సుప్రీంకోర్టు 1963లో నిర్ణయించింది. జస్టిస్ ఎన్. రాజగోపాల అయ్యంగార్ రాసిన ఆ తీర్పు ఒక సూక్ష్మమైన గీత గీసింది. తీర్పు తప్పు కావడం వేరు, తప్పు పైకి కనబడుతూ ఉండడం వేరు. తప్పు తీర్పును మళ్లీ విని దిద్దే పని అప్పీలుది. మారువేషంలో వచ్చిన అప్పీలుగా పునస్సమీక్షను వాడుకోరాదు. అయితే సుదీర్ఘమైన వాదన అక్కరలేకుండా వేలుపెట్టి చూపగలిగిన పొరపాటు, దానిపై రెండు అభిప్రాయాలకు తావులేని పొరపాటు ఉన్నట్లయితే పునస్సమీక్షకు అంతకు మించిన కారణం అక్కరలేదు. కర్నూలు కేసులో అటువంటి పొరపాటే ఉన్నదని చెప్పి కంపెనీ అప్పీలును అనుమతించింది. పరిమితిని చాటి చెప్పిన తీర్పే ఆ పరిమితి లోపల నిలిచి అర్జీదారును గెలిపించిందన్న సంగతి తరచుగా మరుగున పడుతూ ఉంటుంది. ఆ తీర్పులోని మొదటి సగాన్ని ఉదహరించేవారు ఎక్కువ. రెండవ సగాన్ని గుర్తుచేసేవారు తక్కువ.

చట్టానికి మరో దారి ఉన్నది

ఇంత కఠినమైన పరిమితిని దేశం భరించగలగడానికి కారణం, చట్టం విషయంలో జరిగిన పొరపాటుకు వేరే మందు ఉండడమే. 1978లో నార్దరన్ ఇండియా కేటరర్స్ కేసులో, హోటలులో కూర్చుని తినే భోజనం అమ్మకం కాదని, దానిపై అమ్మకపు పన్ను వేయరాదని సుప్రీంకోర్టు చెప్పింది. రాష్ట్రాల రాబడికి అది పెద్ద దెబ్బ. పునస్సమీక్ష కోరితే, మళ్లీ వినిపించుకోవాలన్న కోరిక మాత్రమే అందుకు చాలదని కోర్టు తోసిపుచ్చింది. అంతటితో కథ ముగియలేదు. పార్లమెంటు 1982లో 46వ రాజ్యాంగ సవరణ చేసి, అమ్మకమన్న మాటకు అర్థాన్నే విస్తరించింది. కోర్టు తన మాట మీద నిలిచింది. శాసనకర్తలు తమ పని చేశారు. ఎవరి గౌరవానికీ లోపం రాలేదు.

అత్యవసర పరిస్థితి కాలంలో నడిచిన చరిత్ర ఇంతకన్న గంభీరమైనది. 1973 ఏప్రిల్ 24న 13 మంది న్యాయమూర్తులు 7-6 ఆధిక్యంతో కేశవానంద భారతి తీర్పు చెప్పారు. 1975 నవంబరులో ప్రధాన న్యాయమూర్తి ఎ. ఎన్. రే ఆ తీర్పును పరిశీలించడానికి మళ్లీ 13 మందితో ధర్మాసనం ఏర్పాటు చేశారు. పునస్సమీక్ష కోరుతూ అర్జీ ఏదని నానీ పాల్కీవాలా నిలదీశారు. అటువంటి అర్జీ లేదు. నవంబరు 10న మొదలైన విచారణ 12వ తేదీన ధర్మాసనాన్ని రద్దు చేయడంతో ముగిసింది. పునస్సమీక్షకు గల హద్దులు అర్జీదారుని ఆశకు అడ్డుకట్ట మాత్రమే కావని, అధికారంలో ఉన్నవారి అభీష్టానికి కూడా అడ్డుకట్టేనని ఈ రెండు రోజుల ఉదంతం చూపించింది. అడిగినవారందరికీ తెరుచుకునే తలుపు మొదట బలవంతునికే తెరుచుకుంటుంది.

ఆ మరుసటి సంవత్సరం, 1976 ఏప్రిల్ 28న, జబల్‌పూర్ కేసులో తీర్పు వచ్చింది. అత్యవసర పరిస్థితిలో నిర్బంధితులు తమ నిర్బంధాన్ని ప్రశ్నిస్తూ హైకోర్టుకు వెళ్లలేరని నలుగురు న్యాయమూర్తులు చెప్పగా, జస్టిస్ హెచ్. ఆర్. ఖన్నా ఒక్కరే విభేదించారు. ఈ చట్టం కూడా దిద్దుబాటుకు నోచుకున్నది. 1978 నాటి 44వ సవరణ, జీవించే హక్కును అత్యవసర పరిస్థితిలో సైతం తాత్కాలికంగా నిలిపివేయరాదని శాసించింది. 2017 ఆగస్టు 24న పుట్టస్వామి కేసులో తొమ్మిది మంది న్యాయమూర్తుల ధర్మాసనం 1976 నాటి తీర్పు తప్పని స్పష్టంగా ప్రకటించింది. చట్టం 41 ఏళ్ల తరువాతనైనా ఒడ్డుకు చేరింది. అయితే 1976లో చెరసాలలో ఉన్నవారికి ఆ 41 ఏళ్ల తరువాతి మాటతో ఒరిగినదేమిటి? వారికి సంబంధించినంతవరకు ఆనాటి తీర్పే అంతిమం.

మనిషికి మరో దారి లేదు

తగవు తెంచడంలో జరిగే పొరపాటు ఎంత దారుణంగా పరిణమించగలదో 1982 నాటి హర్బన్స్ సింగ్ కేసు చెబుతుంది. ఉత్తరప్రదేశ్‌లోని ఒక హత్యాకాండలో ముగ్గురికి ఉరిశిక్ష పడింది. నేరంలో ముగ్గురి పాత్రా ఒకటే. ముగ్గురూ వేర్వేరు సమయాల్లో, వేర్వేరుగా సుప్రీంకోర్టుకు వచ్చారు. ఒకరి అర్జీ 1976లో తోసివేతకు గురైంది. మరొకరి శిక్షను 1977లో వేరొక ధర్మాసనం యావజ్జీవ కారాగారంగా మార్చింది. మూడవవాడైన హర్బన్స్ సింగ్ అర్జీని, ఆ తరువాత పునస్సమీక్షను కూడా కోర్టు తోసిపుచ్చింది. రెండవవానికి శిక్ష తగ్గిన సంగతి ఎవరి దృష్టినీ నిలపలేదు. 1981 అక్టోబరు 6న మొదటివానిని ఉరితీశారు. అదే రోజు ఉరికంబం ఎక్కవలసిన హర్బన్స్ సింగ్ చివరిక్షణపు రిట్ పిటిషనుతో బతికి బయటపడ్డాడు. అతని శిక్షను తగ్గించవలసిందిగా సుప్రీంకోర్టు రాష్ట్రపతికి సిఫారసు చేసింది. ఒకే నేరం, ఒకే పాత్ర, ఒకే న్యాయస్థానం. ఒకరు మరణించారు, ఇద్దరు మిగిలారు. చనిపోయినవాని విషయంలో ఏ పునస్సమీక్షా ఏమీ చేయలేదు.

పొరుగుదేశమైన పాకిస్తాన్ చరిత్రలో ఇటువంటి ఘట్టమే మరింత పెద్ద వేదికపై నడిచింది. మాజీ ప్రధాని జుల్ఫికర్ అలీ భుట్టోకు లాహోర్ హైకోర్టు విధించిన ఉరిశిక్షను ఆ దేశపు సుప్రీంకోర్టు 1979 ఫిబ్రవరి 6న 4-3 ఆధిక్యంతో ఖాయపరచింది. మార్చి 24న పునస్సమీక్ష అర్జీని తోసిపుచ్చింది. ఈసారి ఏడుగురూ ఏకాభిప్రాయంతో. ఏప్రిల్ 4న ఉరి అమలయింది. 2011లో అధ్యక్షుడు ఈ వ్యవహారంపై సుప్రీంకోర్టు అభిప్రాయం కోరారు. 2024 మార్చి 6న కోర్టు తన అభిప్రాయం చెప్పింది: భుట్టోకు న్యాయబద్ధమైన విచారణ దక్కలేదు. ఆ వెంటనే మరొక మాట కూడా చెప్పవలసి వచ్చింది: పునస్సమీక్ష ముగిసి అంతిమమైన ఆ తీర్పును రద్దుచేసే మార్గం రాజ్యాంగంలో గాని చట్టంలో గాని లేదు. తప్పు జరిగిందని ఒప్పుకుంటూనే ఆ తప్పును చెరపలేకపోవడం కన్న పునస్సమీక్ష పరిమితికి స్పష్టమైన నిదర్శనం దక్షిణాసియా న్యాయచరిత్రలో కనబడదు. అక్కడి పార్లమెంటు 2023లో ఒక చట్టం చేసి, కొన్ని రకాల తీర్పులపై పునస్సమీక్షను అప్పీలంత విశాలం చేయబోతే, ఆ సంవత్సరం ఆగస్టులో సుప్రీంకోర్టు ఆ చట్టాన్ని కొట్టివేసింది.

తలుపు వెడల్పయిన తీరు

మన సుప్రీంకోర్టు ఈ ప్రశ్నతో పలుమార్లు తలపడింది. కోర్టు చేసిన పని వల్ల ఎవరికీ నష్టం కలగరాదన్న సూత్రం ఆధారంగా 1988లో ఎ. ఆర్. అంతులే కేసులో ఏడుగురి ధర్మాసనం, 1984లో తానే ఇచ్చిన ఆదేశాన్ని మెజారిటీతో ఉపసంహరించుకుంది. 2002 ఏప్రిల్ 10న రూపా అశోక్ హుర్రా కేసులో, పునస్సమీక్ష కూడా విఫలమైన తరువాత 'క్యూరేటివ్ పిటిషన్' అనే మరొక మెట్టును ఏర్పరచింది. ఆ ధర్మాసనం పక్షాన ప్రధాన తీర్పు రాసిన జస్టిస్ సయ్యద్ షా మొహమ్మద్ ఖాద్రీ అంతకుముందు ఆంధ్రప్రదేశ్ హైకోర్టులో న్యాయమూర్తి. సహజ న్యాయసూత్రాల ఉల్లంఘన, న్యాయమూర్తి పక్షపాతానికి తావున్నదన్న అనుమానం వంటి కారణాలుండాలి. సీనియర్ న్యాయవాది ధ్రువీకరించాలి. అత్యంత సీనియర్లయిన ముగ్గురు న్యాయమూర్తులు చూడాలి. అర్జీ నిరాధారమైతే భారీ ఖర్చులు విధించవచ్చు. ఈ చివరి షరతు చదివినప్పుడు యాజ్ఞవల్క్యుని రెట్టింపు దండన గుర్తుకు రాక మానదు.

2014 సెప్టెంబరు 2న మహమ్మద్ ఆరిఫ్ కేసులో వచ్చిన మార్పు, సంఖ్యలో చిన్నదైనా భావంలో పెద్దది. ఉరిశిక్ష కేసుల్లో పునస్సమీక్షను కనీసం ముగ్గురు న్యాయమూర్తులు, బహిరంగ న్యాయస్థానంలో, మౌఖిక వాదన విని నిర్ణయించాలని రాజ్యాంగ ధర్మాసనం 4-1తో ఆదేశించింది. వాదనకు అరగంట చాలునన్నది. తెలుగువారైన జస్టిస్ జాస్తి చలమేశ్వర్, పాత పద్ధతి సరిపోతుందంటూ విభేదించారు. మెజారిటీ తర్కం మాత్రం సూటిగా ఉన్నది. పోయిన ప్రాణాన్ని తిరిగి తేలేము; కాబట్టి ఆ ఒక్క చోట అరగంట వినడం వల్ల కోర్టుకు కలిగే శ్రమ లెక్కలోనిది కాదు. తలుపు వెడల్పును అర్జీదారుని హోదా గాని కేసు విలువ గాని నిర్ణయించరాదు, దిద్దరాని నష్టం నిర్ణయించాలి అన్న ఆలోచనకు ఇది తొలి స్పష్టరూపం.

ఈ కొలతతో చూస్తే 2024 ఏప్రిల్ 10 నాటి ఢిల్లీ మెట్రో తీర్పు ఆలోచింపజేస్తుంది. వేలకోట్ల రూపాయల మధ్యవర్తిత్వ వివాదంలో 2021లో తానే ఇచ్చిన తీర్పును సుప్రీంకోర్టు క్యూరేటివ్ అధికారంతో తొలగించింది. ప్రజల సొమ్ము మిగిలినందుకు సంతోషించవచ్చు. కానీ డబ్బు వివాదానికి తెరుచుకున్న తలుపు రేపు ఎంతమందికి ఆశ కల్పిస్తుందో కూడా యోచించాలి.

పరిపాలకులకు పాఠం

సుప్రీంకోర్టు ముందు పునస్సమీక్ష కోరేవారిలో ప్రభుత్వాలు కూడా ఉంటాయి గనుక ఈ చరిత్ర పరిపాలనలో ఉన్నవారికి ప్రత్యేకించి వర్తిస్తుంది. భోపాల్ ఉదంతం ఇందుకు ఉదాహరణ. 1984 నాటి విషవాయు దుర్ఘటనపై 1989లో 47 కోట్ల డాలర్లకు కుదిరిన ఒప్పందాన్ని సుప్రీంకోర్టు 1991 అక్టోబరు 3న పునస్సమీక్షలో పరిశీలించింది. సొమ్మును ముట్టుకోలేదు, కానీ రద్దయిన క్రిమినల్ కేసులను పునరుద్ధరించింది. పరిహారం చాలకపోతే కేంద్రమే భర్తీ చేయాలన్నది. వాయువు సోకినవారికి వైద్యబీమా తీయాలన్నది. 2010లో కేంద్రం అదనపు పరిహారం కోసం క్యూరేటివ్ పిటిషను వేసింది. 2023 మార్చి 14న ఐదుగురి ధర్మాసనం దానిని తోసిపుచ్చుతూ, రెండు దశాబ్దాలు ఎందుకు ఊరకున్నారో కారణం చూపలేదన్నది. 1991లో ఆదేశించిన బీమా పాలసీని తీయనే లేదని, అది ఘోరమైన నిర్లక్ష్యమని కూడా చెప్పింది.

కేసు ఓడిన ప్రతిసారీ 'పునస్సమీక్ష కోరవచ్చును' అని ఫైలుపై రాయడం కార్యాలయాల్లో సులువు. ఆ వాక్యం వల్ల ఎవరి బాధ్యతా బయటపడదు, గడువు మాత్రం కొంత గడుస్తుంది. అవతలి పక్షాన ఉన్న పింఛనుదారుకో, భూమి కోల్పోయిన రైతుకో ఆ గడువే శిక్ష. తుంగభద్ర తీర్పు చెప్పిన పరీక్షను ఆ వాక్యం రాయడానికి ముందే ప్రయోగించుకోవచ్చు. పొరపాటును వేలుపెట్టి చూపగలమా? చూపగలిగితే 30 రోజులలోగా అడగాలి. చూపలేనప్పుడు, తీర్పు మనకు నచ్చలేదన్నది మాత్రమే కారణమైనప్పుడు, చట్టాన్ని మార్చే మార్గం శాసనసభలో ఉంది. తీర్పును అమలుచేసే మార్గం మన బల్ల మీదనే ఉంది.

సన్నని తలుపు ఉన్నది దానిని దాటక తప్పనివారి కోసం. దారులు అనేకం ఉన్నవారు దాని ముందు బారులు తీరితే, మరో దారి లేనివాని గొంతు లోపలికి వినిపించదు.